షెజీనే పిలువు

మాజోండీ,

కొత్త గీజర్ పెట్టెను కదపవద్దు, నీకు నడుం పట్టేస్తుంది. లేవగానే ప్లంబర్ షెజీకి ఫోన్ చేసి రమ్మను. నేనే బిగిస్తానన్న మాట వెనక్కి తీసుకుంటున్నాను. గీజర్‌తో వచ్చిన కాగితాలన్నీ చదివాను: ఒత్తిడి వదిలే కవాటం తప్పుగా బిగిస్తే ట్యాంకు పేలి, పైకప్పు లేచిపోతుంది. పని తెలిసినవాడే బిగించాలన్న అతని మాటకే సాక్ష్యం ఉంది.

అతని పనితనంపై నాకు సందేహం లేదు. సందేహమంతా అతని నోటిపైనే. నిన్న కొలతలకు వచ్చినవాడు, గుమ్మంలోనే మీ పుట్టింటి పూర్వీకుల పేర్లతో నిన్ను పొగడడం మొదలుపెట్టాడు. "నోందబా! గగాషే! ఇంత చలిలో చన్నీళ్లేంటి తల్లీ? ఇంట్లో మగాడు లేడా ఏం?" అన్నాడు. ఆ మగాడు అక్కడే నిచ్చెన పట్టుకుని నిలబడి ఉన్నాడు. "ఉన్నాడులే నాయనా, ఇంకా ఆ కాగితాలే చదువుతున్నాడు" అని నువ్వు నవ్వావు. నీ ఆ నవ్వు నేను విని చాలా ఏళ్లయింది.

పూర్వీకుల పేర్లు పలికినంతమాత్రాన మనిషిలో ఏ మార్పూ రాదని నేను వాదించేవాణ్ణి. నిన్న నీ ముఖంలో వచ్చింది. కళ్లారా చూశాను.

అతనికి టీ ఇవ్వు. రొట్టె అక్కర్లేదు.

కంటి డాక్టరుకు చూపించుకుని సాయంత్రానికి వస్తాను.

గుమెదే

ఇంకొకటి. బయల్దేరేముందు నీ మంచం పక్కన నిలబడి ఆ పేర్లు నేనూ పలికాను. నువ్వు నిద్రలో ఉన్నావు. మూడో పేరు దగ్గర ఆగిపోయాను. మిగతావి షెజీని మాత్రం అడగను. నువ్వే నేర్పు.