రాక్షసులకు మా యాస

బెంగళూరు,
6 మార్చి 2011

ప్రియమైన శ్రీనుగాడికి,

నేను గీసిన మన కామిక్‌కి నువ్వు పెన్సిల్‌తో మాటలు నింపి పంపిన పేజీలు పోయిన వారం కొరియర్‌లో అందాయి. ఆఫీసులో దొంగచాటుగా చదివి పైకే నవ్వేశాను, మా మేనేజరు తలతిప్పి చూశాడు. వీడియో గేముల్లో హీరోలు ఎవరింట్లో పడితే వాళ్లింట్లో దూరి కుండలు పగలగొట్టి బంగారం ఏరుకుంటారు కదా, మన హీరో వీరబాహుణ్ణి ఆ ఇంటి రాక్షసుడు పట్టుకుని "ఏంది తమ్మీ, గిది మీ అయ్య కుండనా?" అనడం అద్భుతం రా. కోట వాకిట్లో కాపలా రాక్షసుడు గెజిటెడ్ సంతకం అడగడం అయితే, అశోక్‌నగర్ హాస్టల్లో గ్రూప్స్‌కి చదివేవాడికి తప్ప ఇంకెవడికీ తట్టదు.

వెబ్‌సైట్‌లో పెట్టిన సాయంత్రానికే కామెంట్లు కుప్పలు. జనం రాక్షసుల యాసకే పడిపోతున్నారు. నువ్విలాగే రాస్తే ఈ ఉద్యోగం మానేసి మనిద్దరం ఇదే పనిగా పెట్టుకోవచ్చు, నిజంగా అంటున్నాను. కొత్త బొమ్మలు పంపుతున్నాను, మాటల బుడగలు ఖాళీగా ఉన్నాయి, నింపు. చిక్కడపల్లిలో మా అమ్మ ఆదివారం నీకోసం పప్పుచారు కాచి ఎదురుచూసిందట. వెళ్లి తినిరా.

నీ
అభిరామ్

---

అశోక్‌నగర్, హైదరాబాద్,
21 మార్చి

ప్రియమైన అభీ,

మా హాస్టల్లో కంప్యూటర్ లేదని నీకు తెలుసు. మన పేజీలు చివరికి ఎలా తయారవుతున్నాయో నేను ఇన్నాళ్లూ చూడనే లేదు. మొన్న పక్క గది ఓదెలన్న వాటిని నెట్ సెంటర్లో ప్రింటు తీయించుకొచ్చి రీడింగ్ రూమ్ గోడకు అంటించాడు. రాసింది నేనని అతనికి తెలియదు. అందర్నీ పిలిచి చూపించాడు.

"జర చూడుండ్రి. హీరో ఏమో పుస్తకం లెక్క మాట్లాడుతడు. కొమ్ములున్నోడు, కోరలున్నోడు మాత్రం మా అమ్మ లెక్క మాట్లాడుతడు. ఎవడో ఆంధ్రోడు రాసిండు, సూడంగనే ఎర్కయితలే?"

ఒక్కడూ నవ్వలేదు. నేను తల దించుకుని పుస్తకంలో పేజీలు తిప్పుతూ కూర్చున్నాను. నా ఒళ్లంతా మండిపోయింది. నేను రాసినవాటిని టైపు చేసేటప్పుడు హీరో మాటలు మార్చేశావా? నేను అలా రాసి ఉండను. ఈ సంగతి తేలేదాకా నేను ఒక్క బుడగ కూడా నింపను.

శ్రీనాథ్

---

బెంగళూరు,
2 ఏప్రిల్

ప్రియమైన శ్రీనాథ్,

ఒట్టేసి చెబుతున్నాను, ఒక్క అక్షరం మార్చలేదు. నువ్వు రాసిందే టైపు చేశాను. అసలు నాకు అందులో తేడా ఏమీ కనిపించలేదు. హీరో మామూలుగా మాట్లాడుతున్నాడనే అనుకున్నాను.

మావాళ్లు కోస్తా నుంచి వచ్చినా నేను పుట్టింది చిక్కడపల్లిలో, చదివింది నీతోపాటు నారాయణగూడలో. నన్ను ఎవడో ఆంధ్రోడంటే నువ్వు పుస్తకం తిప్పుతూ కూర్చున్నావా? మా నాన్న ఈ మధ్య కూరగాయల బండి దగ్గర వేలితో చూపించి కొనుక్కొస్తున్నారట, నోరు విప్పితే ఏ ఊరని అడుగుతారని. ఆ సంగతి అమ్మ ఫోన్లో చెప్పి ఏడ్చింది.

పోనీ, ఈసారి హీరోకి మీ భాషే పెట్టు. ఉన్నదున్నట్టు వేస్తాను. పేజీలు మళ్లీ పంపుతున్నాను.

అభిరామ్

---

బెంగళూరు,
14 జూలై

ప్రియమైన శ్రీనూ,

జవాబు లేదు. పేజీలూ రాలేదు. పోయిన నెల బుడగలు ఖాళీగానే ఉంచి ఒక పేజీ పెట్టేశాను. ఇందులో జోకేమిటని చదివేవాళ్లు అడుగుతున్నారు, ఏం చెప్పను? నారాయణగూడ చౌరస్తాలో నువ్వు తనకు ఎదురుపడి కూడా ముఖం తిప్పుకున్నావని అమ్మ చెప్పింది. ఆవిడేం చేసింది రా?

నేను "మామూలుగా" అన్న మాట నీకు గుచ్చుకుని ఉంటుంది. హీరోకి మీ మాట నేనే రాద్దామని చూశాను. సినిమాల్లో నౌకరు మాట్లాడినట్టు వచ్చింది. చింపేశాను. నువ్వు లేకపోతే ఈ బొమ్మలకు నోరు లేదు. తిట్టాలనుంటే తిట్టు, ఒక్క ముక్క రాయి.

నీ
అభి

---

అశోక్‌నగర్,
9 ఆగస్టు

ప్రియమైన అభీ,

మొదట్లో రాయనిది కోపంతోనే. తర్వాత చేతకాక.

నువ్వు పంపిన పేజీలు ముందు పెట్టుకుని ఎన్నిసార్లు కూర్చున్నానో. రాక్షసులు గలగలా మాట్లాడుతున్నారు. వీరబాహు కత్తి ఎత్తేసరికి మాత్రం నా చెయ్యి దానంతటదే మీ భాషలోకి పోతోంది. బలవంతాన "నేనొచ్చిన" అని రాస్తే వాడు నా కంటికే వేషగాడిలా కనిపించాడు. నువ్వేమీ మార్చలేదు. నీకు ఆ అవసరమే రాలేదు. చిన్నప్పటి నుంచి నేను చదివిన పాఠాల్లో, చూసిన సినిమాల్లో గెలిచినవాడెవడూ మా అమ్మలా మాట్లాడలేదు. అది నా తలలో కూర్చుని నా చేతనే రాయించింది. చాలా సిగ్గుగా ఉంది రా. ఈ ఉత్తరం కూడా చూడు, ఏ భాషలో రాస్తున్నానో.

ఓదెలన్నతో రాసింది నేనేనని చెప్పేశాను. తిడతాడనుకున్నాను. "నువ్వా?" అని ఒక్క మాట అని, లేచి గోడ మీది కాగితాలు తనే ఊడదీశాడు. తిట్టినా బాగుండేది.

నిన్న అమ్మకు ఫోన్ చేసి, పత్తి చేన్లోకి ఇంత కొమ్ములున్న రాక్షసుడొస్తే ఏమంటావని అడిగాను. మా అమ్మ సత్తవ్వ ఏమాత్రం తడుముకోలేదు. "ఏమంట బిడ్డా? ఊకెనే నిలవడ్డవు, ఆ రెండు సాళ్లు జర పత్తి ఏరిపో అంట" అంది. పక్కున నవ్వాను. ఫోన్ పెట్టేసి, అదే మాట వీరబాహు బుడగలో రాశాను. ఈసారి చెయ్యి ఆగలేదు, కానీ కత్తి పట్టుకున్న వాడి నోట్లో అది ఇమడలేదు.

అందుకే వీరబాహుణ్ణి తీసెయ్. అక్కడ మా అమ్మను గియ్యి. కొంగు నడుముకు చెక్కుకుని ఉంటుంది. అందంగా గియ్యకు, వెకిలిగానూ గియ్యకు. రాక్షసుడి మాటలు ఈసారి నువ్వు రాయి, మీ ఇంట్లో ఎట్ల మాట్లాడుకుంటరో అట్లనే. ఆదివారం చిక్కడపల్లికి పోయి మీ అమ్మకు ముఖం చూపిస్త.

పేజీ పెట్టినంక జనం నవ్వుతరు. రాక్షసుని జూసి నవ్విన్రా, మా అమ్మను జూసి నవ్విన్రా, ఉన్నదున్నట్టు నాకు రాయి. అది తెల్సేదాంక నాకు నిద్ర పట్టది.

నీ
శ్రీను