పక్కింటి జూలియన్ గారి పేరు

జూలియన్ గారూ,

మీకు తెలుగు రాదు కాబట్టి ధైర్యంగా రాస్తున్నాను.

మీరు పోయి నేటికి ఏడాది. ఫ్రాన్స్‌లో ముప్పై ఏళ్లు సినిమాలకు రాసినా తెరమీద మీ పేరు పడింది ఒక్కదానికేనని, మా ఇంట్లో ఆవకాయ తింటూ చెప్పేవారు. నిన్న ఇక్కడ మన ఊరు ఎడిసన్‌లో, లైబ్రరీలో ఆ సినిమా వేశారు. కథ అయిపోగానే, మా తెలుగువాళ్ల అలవాటు కొద్దీ, పార్కింగ్‌లో ఇరుక్కుపోతామని ఇంట్లోవాళ్లందరినీ లేపేశాను.

తలుపు దగ్గర మా అమ్మాయి ఆగి, “నాన్నా, వెయిట్! అంకుల్ పేరు వచ్చింది!” అంది.

నేను వెనక్కి తిరిగేసరికి మీ పేరు తెరమీంచి వెళ్లిపోయింది.

ఇంటికొస్తుంటే మీ మెయిల్‌బాక్స్ కనిపించింది. ఇల్లు కొన్నవాళ్లు దానిమీద మీ పేరు ఇంకా తీయలేదు. కారు ఆపి, చివరి అక్షరం దాకా చదివాను.