మొదటి పిలుపు

వరామీన్ దగ్గరి పల్లె నుంచి

ప్రియమైన పూరాన్‌కు,

ఈ సినిమా ఒప్పుకున్నందుకు టెహ్రాన్‌లో అందరూ నన్ను కొత్త రకం నటుడని మెచ్చుకుంటున్నారని రాశావు. అది చదివి తలెత్తుకోలేకపోయాను.

ఇన్నాళ్ళూ సినిమాల్లో టోపీ వాల్చి, కత్తి తిప్పి, ఎవరో పాడిన పాటకు పెదాలు ఆడించి బతికినవాణ్ణి కదా. ఈ దర్శకుడు ఇరజ్ అవేవీ వద్దన్నాడు. నిజం కావాలన్నాడు. నిన్నటి దృశ్యంలో నేను ఆకలితో ఊళ్ళు తిరిగే కూలివాణ్ణి. ఖావర్ అనే ముసలామె తన గుమ్మంలో కూర్చుని ఉంది. కెమెరాను బండి చాటున దాచారు, సంగతి ఆమెకు తెలియదు. "ఆమె పిలవగానే సరే అను" అని ఇరజ్ నా చెవిలో చెప్పాడు.

ఆమె పిలిచింది. "ఎండలో నిలబడ్డావేం నాయనా? రా, ఇంత తినిపో."

మనలో మొదటి పిలుపుకే సరే అనేవాడు ఉంటాడా, పూరాన్? మూడుసార్లు వద్దనాలి, ఆ తర్వాతా పిలిస్తేనే వెళ్ళాలి. ఇంట్లో ఏమీ లేనివాళ్ళ పరువు నిలిచేది ఆ వద్దనడంలోనే. నేనేమో "సరే అమ్మా" అని చెప్పులు విప్పేశాను.

ఆమె ముఖం పాలిపోయింది. గుమ్మంలోనే గుడ్డ పరిచి ఎండురొట్టె, సగం ఉల్లిపాయ పెట్టింది. ఆ ఉల్లిపాయను చేత్తో కప్పుతూ "ఇవాళే అన్నీ అయిపోయాయి నాయనా" అంది. తర్వాత ఇరజ్ నన్ను కౌగిలించుకుని, ఇలాంటి ముఖం మన సినిమాల్లో ఇంతవరకు లేదన్నాడు. నిజమే, నేనే దాన్ని దొంగిలించి ఇచ్చాను. సిగ్గుతో చచ్చిపోతున్నాను. ఆ దృశ్యం తీసెయ్యకపోతే సినిమా వదిలేసి ఇంటికి వచ్చేస్తాను.

నీ ఫరామర్జ్

*

పూరాన్, నా ప్రాణమా,

వస్తానన్నవాణ్ణి రాలేదు, తిట్టుకోకు. ఖావర్ దగ్గరికి వెళ్ళి జరిగిందంతా చెప్పాను.

"అంటే నా ఉల్లిపాయను ఊరూరా చూస్తారా?" అంది. నవ్వుతోందనుకున్నాను. నవ్వడం లేదు. "తీసెయ్యమను. మా కోడలి పుట్టింటివాళ్ళు సినిమాలకు పోతారు."

ఇరజ్ ప్రాణం పోయినా తీసెయ్యనన్నాడు. అయితే ఇంకో కూలివాణ్ణి వెతుక్కోమన్నాను. గొంతులు లేచాయి. చివరికి ఆమే మధ్యలోకి వచ్చింది.

"ఏమయ్యా, నీకు కావలసింది ఆకలీ సిగ్గూనేగా? రెండూ ఈ అబ్బాయి ముఖాన లేవా? నా వీపు తీసుకో, ముఖం ఇతనిది తీసుకో."

ముందురోజు నుంచి నాకు ముద్ద దిగలేదు. కెమెరా నాకు ఎదురుగా పెట్టారు. ఆమె పిలిచింది, వద్దన్నాను. మళ్ళీ పిలిచింది, మళ్ళీ వద్దన్నాను. పొరుగువాళ్ళు ఇచ్చారట, ఆ రోజు లోపలినుంచి నిజంగానే వంకాయ కూర వాసన వస్తోంది. మూడోసారీ వద్దన్నాను. ఇంకొక్కసారి పిలుస్తుందని ఎదురుచూశాను.

"సరే నాయనా, దేవుడు నీకు తోడు" అని ఖావర్ తలుపు వేసుకుంది.

ఇరజ్ పాత దృశ్యాన్ని కత్తిరించి పారేశాడు. ఇప్పుడు సినిమాలో ఉండేది ఇదే. విడుదలయ్యాక నటన అద్భుతమని జనం మళ్ళీ పొగుడుతారు. నువ్వు మాత్రం పొగడకు, పూరాన్. ఆ తలుపు ముందు నేను నటించలేదు.

ఫరామర్జ్