పదకొండో తాళంచెవి

2024 జూన్ 4, మంగళవారం
ఈ పుస్తకంలో ఇంటి లెక్కలు తప్ప మరొకటి రాయను. ఇవాళ రాస్తున్నాను — ఎవరేమన్నారో రేపు నాకు కచ్చితంగా గుర్తుండాలి. మనవరాలు మేఘనకి చెన్నై సినిమా కోర్సు నుంచి పిలుపు. ఇంటర్వ్యూ 14న. వద్దన్నాను. ఇక్కడ గల్ఫ్‌లో ఉన్న మా అందరి పాస్‌పోర్టులూ నా బీరువాలోనే ఉంటాయి. ఇవ్వనన్నాను.
"నాన్నమ్మా, నువ్వు మాకు కఫీల్‌వి!"
ఇక్కడ పనివాళ్ల పాస్‌పోర్టులు తన దగ్గరే పెట్టుకునే యజమాని, కఫీల్. రవి నవ్వాడు. నా కొడుకే.

జూన్ 6
ఇంటర్వ్యూలో సొంత చిత్రం చూపించాలట. పాతకాలంలోలా మాటల్లేకుండా, మధ్యమధ్య అట్టల మీద రాతలు. ఒక క్రూర రాణి పతనం. ఏడు నిమిషాలు. రాణి నేనే.
"నేనెందుకు?"
"నువ్వైతే నవ్వవు."
తీసుకో, ప్రయాణం మాత్రం లేదన్నాను. ముప్పయ్యేళ్లు చరిత్ర చెప్పాను. సింహాసనం మీద ఎలా కూర్చోవాలో వీళ్లకేం తెలుసు.

జూన్ 8, శనివారం
హాల్లోనే షూటింగ్. ఏసీ మోత ఉన్నా పర్వాలేదు, మాటల్లేవుగా. పట్టుచీర, అట్ట కిరీటం, నడుముకి నా తాళంచెవుల గుత్తి. "బొమ్మవాటికి బరువుండదు నాన్నమ్మా." పదకొండు. లెక్కపెట్టి కట్టుకున్నాను.
చివర్లో జనం ఆ గుత్తి లాగేసుకోవాలి. జనమంటే రవి, కోడలు సుధ. రవి గుత్తిని ఊరికే పట్టుకుని వదిలేశాడు. మూడుసార్లు తీశారు.
"నాన్నా, గట్టిగా! ఆవిడ రాణి, మీ అమ్మ కాదు!"
నాలుగోసారి సుధ లాగింది. ఒక్క ఊపు. చప్పట్లు. నేనింకా నేల మీదే...

జూన్ 9
మేఘన గుత్తి తిరిగిచ్చింది. పది. బీరువాది లేదు.

జూన్ 10
అడగలేదు. మారు తాళంచెవి నా దగ్గరుంది, ఎవరికీ తెలియదు. తెరిచాను. మేఘన పాస్‌పోర్టు పెట్టినచోటే ఉంది. మీద కర్పూరం పొట్లం కూడా కదల్లేదు. రెండు రోజులుగా తాళంచెవి దాని చేతిలో — అయినా తియ్యలేదు.
పొద్దున ఇడ్లీ తింటూ, నా వైపు చూడకుండా: "ముగింపు నచ్చలేదు నాన్నమ్మా. రాణి తనంతట తనే ఇచ్చేసినట్టు మార్చనా?"
"తీసేశావుగా."
"ఒక్క షాట్. మళ్లీ తియ్యొచ్చు."
కాఫీ చల్లారింది.

జూన్ 11
ఇక జరగాల్సినవి:
1. బీరువా తాళం మార్పించకూడదు.
2. చెన్నై టికెట్ ఏ రోజు దాకా దొరుకుతుందో రవిని అడగాలి. ఎందుకో చెప్పకూడదు.
3. కిరీటం అంచు ఊడింది, అంటించాలి.
4. పట్టుచీర ఇస్త్రీ.
5. రేపు మధ్యాహ్నంలోపు ఆ షాట్ తియ్యాలి. గుత్తిలో పదకొండూ ఉండాలి. పదకొండోది మేఘనే తెచ్చి పెట్టాలి.
6. అది పెట్టాక, గుత్తి ఇవ్వడానికి నేను చెయ్యి చాపాలి. చాపగలనో లేదో —