కేసు వేసింది నేనే

తమ్ముడికి, అక్క క్షేమంగానే ఉంది, ఏ జైలుకూ పోవడం లేదు.

కోర్టు ధిక్కారం అన్న మాట విని అమ్మ కంగారు పడుతోందని రాశావు. ఆ కేసు నామీద కాదురా, నేను వేసింది. చేయని రక్తపరీక్షకు సంతకం పెట్టనన్నానని ఆసుపత్రివాళ్లు నన్ను తీసేశారు కదా. నెలలోగా నా పని నాకివ్వమని కోర్టు చెప్పింది. మా పెద్దాఫీసరు ఏం చేశాడనుకున్నావు? మెట్ల కింద స్టూలు వేసి కూర్చోబెట్టాడు. రెండు నెలలు సూది ముట్టనివ్వలేదు. పైగా ఉత్తర్వు అమలు చేశామని కోర్టుకు నిస్సిగ్గుగా రాసిచ్చాడు. నాకు ఒళ్లు మండి, కోర్టు మాట ధిక్కరించాడని ఈ కేసు వేశాను.

నిన్న జడ్జిగారు నన్నే అడిగారు.

"ఏం పని చేస్తున్నారమ్మా?"

"మెట్లు దిగేవాళ్ల కాళ్లు చూస్తున్నానండీ."

ఆఫీసరు వెంటనే చేతులు జోడించి క్షమించమన్నాడు. "క్షమాపణ తర్వాత చూద్దాం. సాయంత్రంలోగా ఆమె పని ఆమెకివ్వండి, లేదంటే జైలుకు వెళ్తారు" అన్నారు జడ్జిగారు. రెండు నెలలుగా దొరకని ల్యాబు తాళం రెండు గంటల్లో నా చేతిలో పడింది!

నా పాత కళ్లజోడు బీరువా పైఅరలో ఉంది, పంపించు. నాన్న మోకాలు ఎలా ఉంది? నీళ్ల పంపు బాగుచేయించావా?

ఈ పొద్దున రక్తపరీక్షకు వచ్చిన ఒక పెద్దాయన కమిలిన చేయి చాపి, "ఇన్నాళ్లూ ఏమైపోయావమ్మా? ఎవరెవరో పొడిచి ఇలా చేశారు" అన్నాడు. తలెత్తి ఆయన ముఖం చూడలేకపోయాను. ఆ చేతికి ఎవరు జవాబు చెబుతారురా?

మరదలికి, పిల్లలకు నా దీవెనలు.

నీ అక్క