ప్రానీ వాళ్ళమ్మ నూరో రోజు

విడవలూరు సముద్రపు ఒడ్డు,
మార్చి 20, శుక్రవారం.

నాయనా సుశీలూ,

అమ్మ దీవించి రాసేది. దేవుని దయవల్ల మీ నాయన, చెల్లెలు కెజియా, నేను ముగ్గురం బాగున్నాం. నీ ఒంట్లో బాగుందని నీ ఉత్తరం చూసి తెలుసుకున్నాను.

ఇక్కడ మంచు పడటం నిలిచి దక్షిణపు గాలి మొదలైంది. పొద్దున తొమ్మిదికే ఇసుక కాలుతోంది. ఈరోజు రొయ్యపిల్లల హేచరీలో ఇరవై ఇద్దరికి వంట చేశాను. సొరకాయ పప్పు, ఎండురొయ్యల వేపుడు. ఈస్టరుకి ముందు శ్రమకాలపు శుక్రవారం కాబట్టి నాకు ఉపవాసం. ఉప్పు సరిపోయిందో లేదో నాతో పనిచేసే పెంచలమ్మ నోట్లో వేయించి చూశాను. మీ నాయన రొయ్యల గుంటల మీద రెండు మోటార్లు విప్పి ఒకటే తిరిగి బిగించాడు. రెండోదాని సామాను నెల్లూరు నుంచి రావాలట.

నువ్వు అడిగినవాటికి జవాబులు రాస్తున్నాను. నా దగ్గు తగ్గింది. కెజియాకి ఇంటర్ పరీక్షలు సగం అయ్యాయి, లెక్కలు బాగా రాశానంటోంది, ముఖం చూస్తే నాకు నమ్మకం లేదు. నీ తెల్ల చొక్కాలు రెండూ ఇస్త్రీ చేసి పెట్టాను, ఈస్టరుకి వచ్చినప్పుడు వేసుకుందువు. ఇక ప్రానీ వాళ్ళ ఊరు ఎట్లా ఉంటుంది, వాళ్ళ గుళ్ళలో ఏం చేస్తారు అని అడిగావు. నీ పాస్టరు చదువుకి పనికొస్తుందో లేదో, నాకు తెలిసింది రాస్తాను.

తల్లిరొయ్యల్ని చూసుకోవడానికి ఆమె థాయిలాండు నుంచి జూలైలో వచ్చిందని నీకు తెలుసు. ఆమె గది నా వంటింటి పక్కనే. నాకంటే రెండేళ్ళు పెద్ద, అయినా నన్ను అక్కా అనే పిలుస్తుంది. తెలుగు ముక్కలు ముక్కలుగా వచ్చింది. రానిచోట చెయ్యి తిప్పుతుంది. అదీ చాలకపోతే కెజియా ఫోనులో చూసి చెబుతుంది.

వాళ్ళ ఊరు ఒక కాలువ సముద్రంలో కలిసేచోట ఉంది. ఎనభై ఇళ్ళుంటాయట. కాలువ పక్క ఇళ్ళు కొయ్య స్తంభాల మీద కట్టినవి, పోటు వస్తే నీళ్ళు కింద నుంచి పోతాయి. ఒడ్డున సరుగుడు చెట్లే. సూర్యుడు మనకు మాదిరే సముద్రంలోంచి లేస్తాడు. అలలు మాత్రం మనవాటంత పెద్దవి కావు. మీ నాయన ఫోటో చూసి, "ఇదేం సముద్రం తల్లీ, చంటిబిడ్డకి నీళ్ళు పోయొచ్చు" అన్నాడు. పడవల ముక్కులకు రంగు గుడ్డలు కడతారు. ఆ ముక్కు మీద ఎవర్నీ కాలు పెట్టనివ్వరు, అక్కడ పడవతల్లి ఉంటుందని వాళ్ళ నమ్మకం. సెలవు రోజుల్లో పట్నం నుంచి నాలుగు కార్లు వస్తాయి. వచ్చినవాళ్ళు కొబ్బరిబోండాలు తాగి, కాళ్ళు తడుపుకుని వెళ్ళిపోతారు.

వాళ్ళ ముత్తాతలు ఉప్పు పండించడానికి మూడు పడవల్లో వచ్చి అక్కడ ఆగారట. తర్వాత ఉప్పుమడులు రొయ్యల గుంటలయ్యాయి. మన గుంటలకు తెల్లమచ్చ తెగులు తగిలిన రోజుల్లోనే వాళ్ళకూ తగిలింది. ప్రానీ నాయన పదెకరాలు వదిలేశాడు. ఇప్పుడు అక్కడ మడచెట్లు లేచి, పీతలు పెరుగుతున్నాయి. ఈమె హేచరీ పని నేర్చుకుని దేశాల మీద పడింది.

గుళ్ళు రెండు. పాతది కాలువ ఒడ్డున ఉప్పు వర్తకులు కట్టించింది. ఆమె అమ్మమ్మ కాలంలో కొట్టుకొచ్చిన తిమింగిలం ఎముకలు అందులో గుడ్డ చుట్టి దాచారు, జాలర్లు వేటకు పోయేముందు వాటి ముందు నిలబడి దండం పెట్టి పోతారు. కొత్తది గుట్ట మీద. తెల్లటి పెద్ద బుద్ధుడు సముద్రం వైపు చూస్తూ కూర్చుని ఉంటాడు. పడవలవాళ్ళకు ఆ విగ్రహమే గుర్తు, మనకు లైట్‌హౌసు మాదిరి. బుద్ధుడు దేవుడా అని నువ్వు అడగమన్నావు, అడిగాను. కాదంది. మరి దండం ఎందుకంటే, "మా టీచరుకి కూడా పెడతా" అంది.

తెల్లవారుజామున సన్యాసులు చెప్పుల్లేకుండా ఇసుక మీద వరసగా నడిచి వస్తారు. చేతిలో గిన్నె ఉంటుంది, నోరు తెరిచి అడగరు. పెట్టేవాళ్ళే చెప్పులు విడిచి, మోకాళ్ళ మీద కూర్చుని, అన్నం నుదుటికి ఆనించి గిన్నెలో వేస్తారు. పుచ్చుకున్నవాడు థాంక్స్ కూడా చెప్పడు, పెట్టినవాళ్ళే మొక్కుతారు. మధ్యాహ్నం పన్నెండు దాటితే సన్యాసి ఇక మెతుకు ముట్టడు. ఊళ్ళో మగపిల్లలు చాలామంది ఒక నెలో మూడు నెలలో సన్యాసులుగా ఉండి తిరిగి ఇంటికొస్తారు. ఆమె తమ్ముడూ ఉన్నాడట, ఇప్పుడు మెకానిక్కు.

ఈ మతం వాళ్ళకు పూర్వం మనవైపు నుంచే పడవల్లో వచ్చిందని ఆమె అంది. "మీరు పంపినారు. మీ దగ్గర లేదు" అని నవ్వింది. పెంచలమ్మ వెంటనే, "అంతా ఎగుమతి చేసేసినట్టుండాం, రొయ్యల మాదిరి" అంది. ఆ మాట హేచరీ అంతా పాకింది.

సుశీలూ, ఇంతవరకు రాసింది నువ్వు అడిగింది. ఇక అడగనిది రాస్తాను. ఆదివారం పది నిమిషాల ఫోనులో, పక్కన నలుగురు పిల్లలు నిలబడి ఉండగా చెప్పే సంగతి కాదు ఇది. ఇంకొకరి నోటి నుంచి నీ చెవిన పడేలోగా నేనే చెప్పాలి.

నవంబరు చివర తుఫానులో ప్రానీ వాళ్ళమ్మ చనిపోయింది. రోడ్ల మీద నీళ్ళు, విమానాలు లేవు. ఈమె వెళ్ళలేకపోయింది. మూడు రోజులు తల్లిరొయ్యలకు మేత వేస్తూనే ఏడ్చింది. చనిపోయిన నూరో రోజున సన్యాసులకు అన్నం పెట్టి, ఆ పుణ్యం తల్లికి చేరాలని నీళ్ళు వదలడం వాళ్ళ పద్ధతి. ఊళ్ళో తమ్ముడు చేస్తాడు. కానీ తన చేత్తో ఒక్క ముద్ద అయినా పెట్టాలని ఈమె పట్టు. నూరో రోజు మొన్న ఆరో తేదీ, శుక్రవారం వచ్చింది.

"సన్యాసేగా, నేను తెస్తా. బస్టాండు కాడ కాషాయం కట్టుకున్న అయ్యోరు ఒకాయన ఉండాడు" అని పెంచలమ్మ హామీ ఇచ్చింది. తొమ్మిదికి రమ్మని చెప్పి వచ్చింది. ప్రానీ నాలుగింటికే లేచి రొయ్యల పని ముగించి నా వంటింట్లో వంట చేసింది. వంజరం చేప పులుసు పెట్టింది. మన పులుసు కాదు, మామిడికాయ లేదు, పుల్లగా పలచగా ఉంటుంది. కొబ్బరిపాలలో అరటిపండ్లు ఉడికించింది. రెండూ వాళ్ళమ్మకి ఇష్టమట.

తొమ్మిదైంది, పది అయింది, అయ్యోరు రాలేదు. నేను పరంజ్యోతి పాస్టరుగారికి ఫోను చేశాను. విషయమంతా విని ఆయన, "కరుణమ్మా, పోయినోళ్ళ పేరు మీద పెట్టింది మనం తినం. నీకు తెలీంది కాదు. పైగా ఉపవాసం. ఆ బిడ్డ కోసం ప్రార్థన చేస్తాలే" అన్నారు. ఆయన్ని తప్పుపట్టను.

పదకొండున్నర దాటింది. ప్రానీ గడియారం చూడటం మానేసి గిన్నెల మీద మూతలు సర్దుతోంది. పెంచలమ్మకు సిగ్గేసి, "పోనీ ఇట్టా తే, నేను పట్టుకుంటా" అంది.

ప్రానీ తల అడ్డంగా ఊపింది. "పెంచలమ్మ పొద్దున దోసె తిన్నది. నాలుగు." తర్వాత నా వైపు చూసింది. "అక్క తినలే. అక్క వ్రతం. అక్క సరి."

ఉపవాసం ఉన్నందుకే నన్ను ఎంచుకుంది. ఒప్పుకుంటే ఆ ఉపవాసమే పోతుంది. పన్నెండు లోపల తినాలి కూడా. నేను ఆలోచించాను నాయనా, ఏమీ తెలియక చేశానని నీకు రాయను. కెజియా పరీక్షకి పోయింది, మీ నాయన గుంటల మీద ఉన్నాడు. అడగడానికి ఎవరూ లేరు. స్టీలు గిన్నె కడిగి చేత్తో పట్టుకుని మునగచెట్టు కింద నిలబడ్డాను.

ఆమె చెప్పులు విడిచి ఇసుకలో మోకాళ్ళ మీద కూర్చుంది. ఇసుక ఎట్లా కాలుతోందో నాకు తెలుసు. "లెయ్ తల్లీ, కాలతాయి" అని వంగబోయాను.

"కదలబాక మే! ఆమె పని ఆమెను చేసుకోనీ" అని పెంచలమ్మ కసిరింది.

కదలలేదు. ఆమె అన్నం నుదుటికి ఆనించి గిన్నెలో వేసింది, పులుసు వేసింది, అరటిపండు వేసింది. నేలకు తల ఆనించి మూడుసార్లు మొక్కింది. నాకు నలభై ఎనిమిదేళ్ళు వచ్చాయి. చాలాచోట్ల గిన్నె పట్టుకుని నిలబడ్డాను, చిన్నప్పుడు ఆసాముల పెరళ్ళలో కూడా. పెట్టినవాళ్ళు నా ముందు చెప్పులు విడవడం ఎప్పుడూ జరగలేదు.

అక్కడే కూర్చుని అంతా తిన్నాను. ఆమె ఫోనులో వాళ్ళ ఊరి సన్యాసుల మంత్రాలు పెట్టి, చెంబుతో సన్నగా నీళ్ళు వదిలి, ఆ నీళ్ళు మునగచెట్టు మొదట్లో పోసింది. అప్పటికి పన్నెండుకు ఐదు నిమిషాలుంది. రెండు గంటలకు ఆటోలో అయ్యోరు దిగాడు. మిగిలిన పులుసు పెంచలమ్మ పెడితే సుష్టుగా తిని, "మజ్జిగ లేవా?" అన్నాడు. ఆమె ఆయన్ని తిట్టిన తిట్లు ఉత్తరంలో రాయదగినవి కావు.

ఇక్కడితో ఆగితే నాకు బాధ లేదు. మూడింటికి ఉపవాస ప్రార్థనకి పోయాను. స్త్రీల సమాజానికి పెద్దను కదా, ముందు వరసలో కూర్చుని పాట నేనే ఎత్తుకున్నాను. మధ్యలో పులుసు త్రేన్పు వచ్చింది. పక్కన ఎలిశబెతు పిన్ని, "ఖాళీ కడుపు కదమ్మా, గ్యాసు" అని వీపు రాసింది. నేను నోరు మూసుకున్నాను. తిన్నందుకు కాదు, తిననట్టు కూర్చున్నందుకు ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

తెల్లవారి పాస్టరుగారి ఇంటికి పోయి అంతా చెప్పాను. ఆయన విని, "ఒక నెల ప్రభువు బల్లకి దూరంగా ఉండమ్మా" అన్నారు. సరేనన్నాను. ఎలిశబెతు పిన్నికీ నేనే చెప్పాను. "గ్యాసని వీపు రాసినానే నీకు!" అని రెండు రోజులు మాట్లాడలేదు, మూడోరోజు వచ్చి ఆ పులుసు ఎట్లా చేస్తారని అడిగింది. ఆదివారం నేను వెనక వరసలో చంటిపిల్లల తల్లులతో కూర్చుని, వాళ్ళు రొట్టె, ద్రాక్షారసం పుచ్చుకోవడానికి బల్లకి పోతే పిల్లల్ని పట్టుకున్నాను. మీ నాయన కూడా వచ్చి నా పక్కన కూర్చున్నాడు. నువ్వు పోవయ్యా అంటే, "మోకాలు నొప్పి, అంతదూరం నడవలేను" అన్నాడు. అంతదూరమంటే పన్నెండు అడుగులు.

ఈస్టరు పొద్దున సముద్రపు ఒడ్డు ఆరాధనలో నీ మొదటి ప్రసంగం ఉంది కదా. "తల్లి అట్టాంటి తిండి తింటే కొడుకు వాక్యం చెప్పేదా?" అని సంఘంలో ఇద్దరు లేచారు. పాస్టరుగారు, "ఆమె నోరు ఆమెది, వాడి నోరు వాడిది. వాడే చెప్తాడు" అని కూర్చోబెట్టారు. అయినా ఎదురుగా ఆ ఇద్దరూ ఉంటారు, వెనక వరసలో నేనుంటాను. అది తెలిసి రావాలో మానాలో నువ్వే తేల్చుకో. రాకపోతే నొచ్చుకోను. వస్తే నన్ను వెనకేసుకు రాబాక, నీ వాక్యం నువ్వు చెప్పుకో. నేను చేసిన పనికి నీ పుస్తకాల్లో ఏమని పేరుందో నాకు తెలియదు. ఉంటే దాచకుండా రాయి. మళ్ళీ అట్లాంటి రోజు వస్తే గిన్నె పట్టుకుంటాను. ప్రార్థనకి మాత్రం పోను, పోతే తిన్నానని చెప్పి పోతాను.

ప్రానీ పని గడువు అయిపోయింది. నిన్న గురువారం ఉదయం ఐదు నలభైకి హేచరీ కారులో చెన్నైకి బయలుదేరింది. పెంచలమ్మ, కెజియా, మీ నాయన, నేను గేటు దాకా వెళ్ళాం. పాస్టరుగారు కూడా వచ్చి, కారు ముందు నిలబడి ప్రార్థన చేసి పంపించారు. మధ్యాహ్నం పన్నెండున్నరకు విమానం ఎక్కింది.

ఇట్లు,
మీ అమ్మ,
కరుణాకుమారి.