వదులు చేయించిన మెట్టెలు

ఆదివారం, రాత్రి.

కమాన్‌పూర్ నుంచి మరదలు లక్ష్మి వచ్చింది. కూర్చోగానే కాలు ముందుకు చాపి చూపించింది.

"బావా, ఈ మెట్టెలు పట్టేసినయ్. కంసలాయనకు చెప్పి జర వదులు చేయించరాదు. లావైతున్నట్టున్న. నవ్వకు."

నవ్వలేదు. వాళ్ల అక్క, నా భార్య సుజాత కూడా పోయేముందు చివరి ఏడాది ఇదే అడిగింది. రెండుసార్లు వదులు చేయించాను. ఒళ్లు వస్తోందని ఆటపట్టించాను కూడా. గనిలో నీళ్ల పంపుల దగ్గర ముప్పై ఏళ్లు పనిచేసినవాణ్ణి. పంపు ఆగిపోనక్కరలేదు, బలం తగ్గితే చాలు, పల్లంలో నీళ్లు చేరతాయి. గుండె సంగతీ అంతేనని, ఆ నీరు ముందు పాదాల్లో, తర్వాత ఊపిరితిత్తుల్లో చేరుతుందని డాక్టర్ చెప్పేసరికి ఆలస్యమైంది.

చీలమండ పైన బొటనవేలితో నొక్కుకోమన్నాను. పడిన గుంట అలాగే ఉండిపోయింది.

"రాత్రి ఎన్ని మెత్తలేసుకుంటవ్?"

"రెండు. వెల్లకిల పండుకుంటె దమ్ము ఆడుతలేదు. నీకెట్ల తెలుసు?"

పొద్దున దవాఖానకు పోదామన్నాను.

"గింతదానికి దవాఖాన ఏంది బావా? మెట్టెలు వదులైతె చాలు."

ముందుగదిలో ఇప్పుడు దగ్గుతోంది. ఇన్నాళ్లూ ఎవరికీ ఇవ్వని సుజాత దిండు తీసుకెళ్లి మూడోదిగా ఇచ్చాను.

దవాఖానకు పోయే దారిలోనే కంసాలి దుకాణం. రేపు అక్కడ ఆగను.